నలభై సెంటీమీటర్లు

మార్చి 3, సోమవారం

మూడు కొండలు పోయాయట. వాటిని నేనే చీర కొంగున మూటగట్టుకుని యూ టీలో ఉన్న మా ఇంటికి తెచ్చుకున్నట్టు చూశారు అందరూ.

అందరూ అంటే ఇద్దరే. విశ్వేశ్వరరావు సార్, నిశాంత్. తొమ్మిదిన్నరకి సార్ మమ్మల్ని గదిలోకి పిలిచారు. బల్ల మీద అట్లాసు ఉంది. స్లొవాకియా దేశంలో రెండు వేల మీటర్లు దాటిన శిఖరాలన్నీ అందులో ఉన్నాయని అట్ట మీద రాసుకున్నాం. ప్రెస్సు నుంచి వచ్చి వారమైంది. నా రెండేళ్లు, నా కళ్లజోడు నంబరు, నా నడుం నొప్పి అన్నీ ఆ పుస్తకంలోనే ఉన్నాయి. అట్ట మీద మాత్రం సార్ పేరు ఒక్కటే ఉంది. నా పేరు చివరి పేజీలో కృతజ్ఞతల కింద, ప్రింటరు పేరుకి కాస్త పైన.

ఆ దేశం నుంచి ఉత్తరం వచ్చింది. హుడాక్ అని ఒక పెద్దాయన. ఎనభై దాటాయి. కుర్రతనంలో అక్కడి కొండల్ని మోకాళ్లు అరిగేలా ఎక్కి కొలిచిన మనిషి, మా అట్లాసుకి సలహాదారు. సార్ పైకి చదివారు. "పుస్తకం అందంగా ఉంది. కానీ మూడు శిఖరాలు కనిపించలేదు. వాటిలో ఒకదాని మీద నేను పంతొమ్మిది వందల అరవై తొమ్మిదిలో పదకొండు రోజులు వానలో కూర్చున్నాను, మబ్బు విడిస్తే కొలుద్దామని. అందుచేత అది అక్కడ ఉన్నట్టు నాకు బాగా గుర్తు. మా దేశానికి కొండలు చాలానే ఉన్నాయి. అయినా మూడు పోతే మాకు తెలుస్తుంది."

నాకు నవ్వొచ్చింది. సార్ మొహం చూసి ఆపుకున్నాను.

ఎలా పోయాయో పది నిమిషాల్లో తేలింది. పాత ఎత్తుల్లోంచి నలభై సెంటీమీటర్లు ఒకసారి తీసేయాలి. రెండుసార్లు తీశారు. నాలుగు వందల పన్నెండు శిఖరాలూ ఉండాల్సినదానికంటే కిందికి దిగాయి. సరిగ్గా అంచు మీదున్న మూడూ రెండు వేలకి లోపల పడి, పుస్తకంలోంచి జారిపోయాయి. పట్టికలో 203, 311, 388.

నోట్స్ షీటు తీశారు. ఎత్తుల కాలమ్ మీద చెయ్యి వేసినవాళ్లు అందులో తేదీ, పేరు, చేసిన పని రాయాలి. రూలు పెట్టింది నేనే. డిసెంబరు 9న నిశాంత్ పేరుంది, నలభై తీశానని. ఇంకెవరి పేరూ లేదు.

"అయితే మొదటిసారి తీసిందెవరు?" అన్నారు సార్.

 నిశాంత్ నా వైపు చూశాడు. నా వైపెందుకు చూడాలి?

మార్చి 4, మంగళవారం

అన్నం దగ్గర చాందిని అడిగింది, వై ఆర్ యూ సో యాంగ్రీ అమ్మా అని. తొమ్మిదేళ్ల పిల్లకి చెప్పాల్సిన ఖర్మ పట్టింది. కొండ ఎత్తు సముద్ర మట్టం నుంచి లెక్కపెడతారే, కానీ ఆ దేశానికి సముద్రమే లేదు, అందుకని పాతరోజుల్లో దక్షిణాన ఆడ్రియాటిక్ సముద్రం నుంచి కొలిచారు, తర్వాత ఉత్తరాన బాల్టిక్ నుంచి కొలవడం మొదలుపెట్టారు, రెండింటికీ నలభై సెంటీమీటర్లు తేడా అని చెప్పాను.

"సీ ఈజ్ సీ, వాట్," అంది చేపముక్క తీసుకుంటూ. "ఫార్టీ సెంటీమీటర్ ఓన్లీ. మై స్కూల్ బ్యాగ్ ఆల్సో ఫార్టీ సెంటీమీటర్ లా."

ఉదయ్ నవ్వాడు. మొగుడూ కూతురూ కలిసి నవ్వుకోవడానికి నా బతుకు బాగా పనికొస్తుంది. కంచం తీసుకెళ్లి సింకులో పడేసి వచ్చాను.

మార్చి 6, గురువారం

నిశాంత్ నా బల్ల దగ్గరికి వచ్చాడు. కాఫీ తెచ్చాడు, చక్కెర లేకుండా. ఈ మర్యాదలు చూస్తేనే నాకు ఒళ్లు మండుతుంది.

"అక్కా, ఒకటి అడుగుత, కోపం చెయ్యకు. నవంబర్ల ఆ ఎత్తులు నువ్వేమన్న ముట్టుకున్నవా?"

"నేను ముట్టుకుంటే నోట్స్‌లో రాస్తాను నిశాంత్. పదకొండేళ్ల నుంచి ఇదే పని చేస్తున్నాను. నువ్వు కరీంనగర్లో ఇంటర్ చదివేటప్పటి నుంచి."

ఆ ముక్క అరిచి చెప్పానని ఇప్పుడు అనిపిస్తోంది. పక్క గదిలో టైపు చప్పుడు ఆగిపోయింది. వాడు తల ఊపి, "సరే అక్కా," అని వెళ్లిపోయాడు. కాఫీ అక్కడే వదిలేశాడు.

ముట్టుకోలేదని నేను అనలేదు. ముట్టుకుంటే రాస్తానన్నాను. రెండూ ఒకటి కాదు.

నవంబరులో నేను చేసిన మాట నిజమే. అది నా పనే. చేసి రాశాను. షీటులో ఇప్పుడు కనపడకపోతే ఎవరో చెరిపేసి ఉంటారు. అయినా ఒకసారి తీసిన ఎత్తు చూస్తే తెలియదా? అంకెలు చదవడం రాదా? సరిచూసుకుంటే వాడి సొమ్మేం పోయేది?

మార్చి 9, ఆదివారం

ఇంట్లో ఆ ఊసు ఎత్తొద్దని ఉదయ్‌కి చెప్పాను. ఎత్తాడు. "ఇంతకీ నువ్వు రాశావా లేదా ఉజ్జీ?" అన్నాడు బట్టలు మడతపెడుతూ. ఆ బట్టలు లాక్కుని నేనే మడతపెట్టాను.

మార్చి 12, బుధవారం

సార్ నన్నొక్కదాన్నే పిలిచారు. తలుపు వేశారు.

"నిశాంత్ కాంట్రాక్టు ఏప్రిల్ ముప్పైతో అయిపోతుందమ్మా. పొడిగించాలా వద్దా అన్నది ఈ నెలాఖరులోగా పైవాళ్లకి చెప్పాలి. వద్దని రాస్తున్నాను. ఎవరో ఒకరి మీద చర్య తీసుకోకపోతే ఆ దేశం వాళ్ల ముందు మన పరువు పోతుంది."

కాంట్రాక్టు పోతే ఇక్కడ పని చేసుకోవడానికి ఇచ్చిన వాడి పాస్ పోతుంది. పాస్ పోతే నెలలోపు దేశం వదలాలి. జురాంగ్ వెస్ట్‌లో గది తీసుకుని ఏడాది కూడా కాలేదు. మొన్ననే కొత్త పరుపు కొన్నాడని ఫొటో చూపించాడు. పరుపు ఫొటో చూపిస్తారా ఎవరైనా?

నేనేమీ అనలేదు. అనాల్సింది ఆయన్ని. అట్ట మీద పేరున్న మనిషి, లోపల ఒక్క పేజీ అయినా చదివాడా? ఏడాదిన్నర కిందట టాట్రా పర్వతాలు చూడ్డానికి ఇద్దరికి టికెట్లు వచ్చాయి. ఆయనా, ఆయన భార్యా వెళ్లారు. క్రివాన్ శిఖరం ముందు ఎర్ర కోటు వేసుకుని దిగిన ఫొటో ఆఫీసు గోడకి తగిలించుకున్నారు. క్రివాన్ కొస కొంచెం పక్కకి వాలి ఉంటుంది. ఆ దేశపు జనానికి అదంటే ప్రాణం, ఎండాకాలంలో గుంపులుగా ఎక్కుతారు. అది 2495 మీటర్లని, అన్నిటికంటే ఎత్తయిన గెర్లాహ్‌కి నూట అరవై తక్కువని ఆయనకి తెలుసా? నాకు తెలుసు. నేను దాన్ని ఎర్ర కోటు వెనకాల తప్ప ఎక్కడా చూడలేదు.

నిశాంత్ విషయంలో నాకేం సంబంధం లేదు. వాడి పేరు షీటులో ఉంది.

మార్చి 15, శనివారం

చాందినికి స్కూల్లో ఏదో ప్రాజెక్టు, బుకిట్ తిమా ఎక్కాలంది. ఈ దేశంలో అన్నిటికంటే ఎత్తయిన కొండ. నూట అరవై మూడు మీటర్లు. వాటర్ బాటిల్ మూత తీసేలోగా పైకి చేరిపోతాం. రాయి మీద ఎత్తు చెక్కి ఉంది. ఏ సముద్రం నుంచి కొలిచారో అని నా బుర్ర దానంతటదే అడిగింది. తిట్టుకున్నాను.

"దట్స్ ఇట్ ఆ?" అంది చాందిని.

దిగేటప్పుడు నిశాంత్ మెసేజ్. హౌగాంగ్‌లో ఏదో కంపెనీలో ఖాళీ ఉందట, నా పేరు రిఫరెన్సుగా ఇవ్వొచ్చా అక్కా అని. మధ్యాహ్నం వరకు జవాబివ్వలేదు. తర్వాత "ఇవ్వు" అని రాశాను. వాడు రెండు చేతులు జోడించిన బొమ్మ పెట్టాడు. ఫోను సోఫా మీదికి విసిరేశాను.

మార్చి 18, మంగళవారం

రాసే ఉంటాను.

మార్చి 19, బుధవారం

రాసిన గుర్తు.

మార్చి 21, శుక్రవారం

చాందినిని ట్యూషన్‌లో దింపి వచ్చి ఈ డైరీ పుస్తకమే వెనక్కి తిప్పాను. నవంబరులో ఏ రోజున చేశానో తేదీ దొరికితే, షీటు పాత కాపీ తీయించి నా లైను చూపించి అందరి నోళ్లూ మూయిద్దామని. ఆ ధైర్యంతోనే తిప్పాను. ఇక్కడ ఉన్నది ఉన్నట్టు ఎత్తి రాస్తున్నాను.

"నవంబరు 14. అట్ట మీద ఒక్క పేరే ఉంటుందట. సార్ చెప్పారు, నవ్వుతూ. నా పేరు వెనకాల. సరే సార్ అని బయటికొచ్చి కూర్చుని, మూడు వారాల పని సాయంత్రానికి ముగించాను. నాలుగు వందల పన్నెండూ ఆడ్రియాటిక్ నుంచి బాల్టిక్‌కి దించేశాను, ఒక్కొక్కటీ సరిచూసి. నోట్స్‌లో మాత్రం రాయను. కావాలనే రాయను. ఎవరు చేశారో, ఎంత చేశారో వెతుక్కోనీ. నేను లేకపోతే ఈ ఆఫీసు ఎలా నడుస్తుందో తెలిసొస్తుంది."

నా రాతే. 'కావాలనే' కింద గీత కూడా ఉంది. కాగితానికి అవతలి వైపు అచ్చు పడేంత గట్టిగా గీశాను.

వచ్చే వారం ఎవరో ఒకరు వచ్చి, ఉజ్వల గారూ ఇదెక్కడిదాకా వచ్చిందండీ అని నన్ను బతిమాలుకుంటారనుకున్నాను. ఎవరూ రాలేదు. చాందినికి జ్వరం వచ్చింది, తర్వాత సెలవులకి విజయనగరం వెళ్లాం, మర్చిపోయాను. నిజంగా మర్చిపోయాను. ఈ నెలలో ఎప్పుడు గుర్తొచ్చిందో మాత్రం రాయను.

మార్చి 22, శనివారం

ఆ పేజీ చింపబోయాను. ఈ పుస్తకం ఎవరు చూస్తారని? చింపితే నేను చింపానని నాకు తెలుస్తుంది, అంతే కదా. కొస కొంచెం చిరిగింది. టేపు అతికించాను. నా మీద నాకు ఇంత కోపం ఎప్పుడూ రాలేదు. వస్తే ఏం చెయ్యాలో కూడా తెలియడం లేదు. ఇంకొకళ్ల మీదయితే అరుస్తాను.

మార్చి 24, సోమవారం

చెప్పేశాను. సార్ గదిలోకి వెళ్లి, నిలబడే చెప్పాను. మొదటిసారి తీసింది నేనే సార్, నోట్స్‌లో కావాలని రాయలేదు, నిశాంత్ షీటు చూసుకుని రూలు ప్రకారమే చేశాడు, తప్పు నాది.

ఆయన ఆశ్చర్యపోలేదు. అదీ నాకు కాలింది.

"కూర్చో ఉజ్వలా. మంచినీళ్లు తాగు. ఇప్పుడీ తవ్వకాలన్నీ ఎందుకమ్మా? నిశాంత్ సంగతి పైకి చెప్పేశాను. మాట మారిస్తే నేను వెర్రివాణ్ణవుతాను. సరిదిద్ది రెండో ముద్రణ వేస్తున్నాం. దాని అట్ట మీద నీ పేరు వేయిస్తాను. నా పక్కనే, అదే సైజులో."

"మరి వాడు?"

"కుర్రాడు. ఎక్కడైనా బతుకుతాడు. నీకు పిల్ల ఉంది, ఇంటి లోను ఉంది. ఇంటికెళ్లి ఆలోచించుకో."

నేను ఛీ అని రాలేదు. "సరే సార్" అని వచ్చాను. నవంబరులో అన్నట్టే.

మార్చి 25, మంగళవారం

చాందిని డ్రాయింగ్ పుస్తకంలో అట్ట గీసి చూశాను. విశ్వేశ్వరరావు, ఉజ్వల. ఎలా ఉంటుందో చూద్దామని, అంతే.

బాగానే ఉంది.

మార్చి 26, బుధవారం

సార్ నిశాంత్ చేత హుడాక్ గారికి క్షమాపణ ఉత్తరం రాయించారు. రాయించి, ఇంగ్లీషు సరిచూడమని నాకు పంపారు. నాకే!

"నా అజాగ్రత్త వల్ల మీ దేశపు మూడు శిఖరాలు తప్పిపోయాయి. పదకొండు రోజులు మీరు వానలో పడిన శ్రమని నేను ఒక్క నిమిషంలో పాడు చేశాను. నేను కొండల్ని దగ్గరగా ఎప్పుడూ చూడలేదు, అది సాకు కాదు. నన్ను క్షమించండి." వాడి ఇంగ్లీషులో అంతకంటే మొద్దుగా ఉంది, నేను ఇక్కడ తెలుగులో చక్కగా రాస్తున్నాను. చెయ్యని తప్పుకి ఆ కుర్రాడు సిగ్గుపడుతూ కూర్చుని రాశాడు. ఒక్క నిమిషంలో పాడు చేశాడట! వాడు పాడు చేసిందేమీ లేదు. సాయంత్రమంతా కూర్చుని, పళ్లు నూరుకుంటూ, ఒక్కొక్కటీ సరిచూసి పాడు చేసింది నేను.

సిగ్గులేనిదాన్ని, ముందు నిజంగానే ఇంగ్లీషు సరిచేశాను. రెండు కామాలు పెట్టాను. ఒక స్పెల్లింగు దిద్దాను. దిద్దుకుంటూ కిందికి వస్తే వాడి సంతకం. అక్కడ ఆగిపోయాను.

ఆ పేరు కొట్టేసి నా పేరు పెట్టాను. 'అజాగ్రత్త వల్ల' తీసేసి 'కోపంతో, కావాలనే నోట్స్‌లో రాయకపోవడం వల్ల' అని పెట్టాను. కింద రెండు లైన్లు కలిపాను, నిశాంత్ నియమం ప్రకారమే పని చేశాడని. హుడాక్ గారికి, సార్ పైనున్న డైరెక్టరుకి, సార్‌కి, నిశాంత్‌కి ఒకేసారి పంపేశాను. పంపాక బాత్రూములోకి వెళ్లి కుళాయి తిప్పి ఏడ్చాను. ఏడుపులోనూ ఆయన్ని తిడుతూనే ఉన్నాను.

సార్ ఆరుసార్లు ఫోన్ చేశారు. తీయలేదు.

మార్చి 27, గురువారం

డైరెక్టరు పిలిచి మాట్లాడింది. మర్యాదగానే. అట్లాసు పని నుంచి నన్ను తప్పించారు. జూన్ తర్వాత సంగతి జూన్‌లో చూస్తారట. ఉదయ్‌కి చెబితే, "మంచి పని చేశావు," అని, కాసేపాగి, "లోను సంగతి చూద్దాంలే," అన్నాడు. ఆ రెండో మాట అనకుండా ఉండలేడు.

హుడాక్ గారు నాలుగు లైన్లు జవాబిచ్చారు. మూడో లైనులో, ఆ కుర్రాణ్ణి ఏం చేశారని అడిగారు.

మార్చి 28, శుక్రవారం

మధ్యాహ్నం ఆఫీసు వెనక హాకర్ సెంటర్‌కి, ఆ తిండి కొట్ల దగ్గరికి వెళ్లాను. నిశాంత్ ఒక్కడే కూర్చుని ఉన్నాడు. ఎదురుగా ఉన్న కుర్చీని ఎవరో టిష్యూ ప్యాకెట్టు పెట్టి చోప్ చేసుకున్నారు, అంటే తమదని ముందే ఆపుకున్నారు. ప్యాకెట్టు పక్కకి నెట్టి, నా టీ గ్లాసు బల్ల మీద పెట్టి కూర్చున్నాను. థాంక్స్ చెబుతాడనుకున్నాను. ఎందుకు అబద్ధం, అందుకే వెళ్లాను.

వాడు చెప్పలేదు. ప్రాటా రొట్టె తుంచుకుని తింటున్నాడు.

"నాకు తెల్సు అక్కా," అన్నాడు చివరికి. "నవంబర్ల నువ్వు చేస్తుంటే నీ ఎన్కనే కూసున్న. చూసిన. డిసెంబర్ల షీట్ తీస్తే నీ పేరు లేదు. అంటే మధ్యల ఆపేసినవనుకున్న. షీట్‌ల రాయకుంట నువ్వు పని చేస్తవని నేనెట్ల అనుకుంట? ఆ రూల్ పెట్టిందే నువ్వు గదా."

నాకు మళ్లీ కోపం వచ్చింది. ఇంత జరిగాక కూడా వచ్చింది. "తెలిస్తే ముందే చెప్పొచ్చు కదా! మూడో తారీఖునే సార్ ముందు చెప్పాల్సింది! మూడు వారాలు నోరు మూసుకుని కూర్చున్నదెవరు? నువ్వు కాదూ?"

చుట్టుపక్కల బల్లల వాళ్లు తిరిగి చూశారు. వాడు చెయ్యి తుడుచుకున్నాడు.

"అడిగిన గదా. నీ బల్ల కాడికొచ్చి అడిగిన. నువ్వేం జేసినవ్? అరిచినవ్. నువ్వు అరిస్తే అక్కా, ఆఫీసుల అందరు నువ్వే కరెక్ట్ అనుకుంటరు. నేను గూడ అనుకున్న. కండ్లార చూసినోణ్ణి, వారం రోజులు నేనే తప్పు చేసిన్నేమో, నేను చూసింది ఇంకేందో అనుకున్న. రాత్రి పండుకుంటే లెక్కలు చేసుకున్న." ప్రాటా కంచం పక్కకి నెట్టాడు. "మా అమ్మకు ఫోన్ జేసి నాదే తప్పని గూడ చెప్పిన."

  వాడు తన ట్రే తీసుకున్నాడు, నేను ముట్టుకోని నా టీ గ్లాసు కూడా అందులో పెట్టుకుని, తీసుకెళ్లి స్టాండులో పెట్టి వెళ్లిపోయాడు.

మార్చి 30, ఆదివారం

ఉగాది. పచ్చడి చేశాను. చాందిని ముద్ద నోట్లో పెట్టుకుని, "అమ్మా, టుడే యూ నెవర్ షౌట్ ఆ," అంది.

ఏప్రిల్ 1, మంగళవారం

నిశాంత్ కాంట్రాక్టు రెండేళ్లు పొడిగించారు. రెండో ముద్రణ పని వాడికే ఇచ్చారు. 203, 311, 388 మళ్లీ పట్టికలోకి వచ్చాయి. ఇదంతా నాకు చెప్పింది ఆఫీసు అసిస్టెంటు, జిరాక్సు తీసుకుంటూ. వాడు చెప్పలేదు.

పావుగంట ఆగి వాడి బల్ల దగ్గరికి నేనే వెళ్లాను. వాడు స్క్రీను మీది అంకెలు చూస్తున్నాడు. నెమ్మదిగా మాట్లాడాలని దారంతా అనుకుంటూ వెళ్లాను. నెమ్మదిగానే అన్నాను, చాలా సంతోషం నిశాంత్ అని.

లేచి నిలబడ్డాడు. ఈ మూడేళ్లలో నన్ను చూసి ఎప్పుడూ లేచి నిలబడలేదు.

"థాంక్యూ మేడమ్," అన్నాడు.